కోరంగిని పూడ్చిన ఇసుకే కాకినాడను కాస్తోంది: అఖాతం మీద అధికారం ఉన్న శాఖలన్నిటికీ బహిరంగ లేఖ

గౌరవనీయులైన అధికారులకు,

కాకినాడ జిల్లా యంత్రాంగానికి, పోర్టుల వ్యవహారాలు చూసేవారికి, అటవీ శాఖకు, మత్స్య శాఖకు, పర్యాటక శాఖకు, రోడ్లు, గోడలు కట్టే ఇంజినీర్లకు అందరికీ కలిపి ఈ ఒక్క ఉత్తరం రాస్తున్నాను. విడివిడిగా అర్జీలు పెట్టడం తెలియక కాదు. కాకినాడ అఖాతం మీ ఫైళ్లలో ముక్కలైపోయింది. నీళ్లు ఒకరివి, మడ అడవి ఒకరిది, చేప ఒకరిది, హోప్ ఐలాండ్‌కి వెళ్లే పడవ మరొకరిది. 2022లో జిల్లాల విభజన జరిగాక గోదావరి పాయ గౌతమి సముద్రంలో కలిసే భైరవపాలెం కోనసీమ జిల్లాలోకి వెళ్లింది, అఖాతం కాకినాడ జిల్లాలో ఉండిపోయింది. మధ్యలో యానాం పుదుచ్చేరి కింద ఉంది. ఇసుకకు మాత్రం ఈ హద్దులు లేవు. గౌతమి మొగ (సముద్రంలో కలిసే నోరు) దగ్గర కదిలిన ఇసుక ఉప్పాడ ఇళ్ల దాకా లెక్క తేలుస్తుంది. ఆ లెక్క మొత్తం చూసే కుర్చీ ఒక్కటీ లేదన్నదే నా బాధ.

ముందుగా భూగోళం. మ్యాపు ముందు పెట్టుకుని చదవండి. పడమర కాకినాడ నగరం. దక్షిణాన కోరంగి మడ అడవులు, వాటి వెనక గోదావరి డెల్టా. తూర్పున సుమారు 16 కిలోమీటర్ల పొడవున, దక్షిణం నుంచి ఉత్తరానికి సాగిన సన్నటి ఇసుక తిప్ప. అదే మనం హోప్ ఐలాండ్ అంటున్నది. మోచేయి చాపి బిడ్డను ఒడిలోకి తీసుకున్నట్టు ఆ తిప్ప అఖాతాన్ని బంగాళాఖాతం నుంచి వేరు చేస్తుంది. తెరుచుకుని ఉన్నది ఉత్తరం వైపు మాత్రమే. ఓడలు వచ్చేది అటు నుంచే. దక్షిణం నుంచి వచ్చేది మంచినీరు. ధవళేశ్వరం దిగువన గోదావరి గౌతమిగా, వశిష్ఠగా చీలుతుంది. ఆ గౌతమి నుంచి యానాం దగ్గర కోరంగి పాయ విడిపోతుంది, ఇంకా దిగువన గాడేరు విడిపోతుంది. ఈ రెండూ మడ అడవి గుండా వచ్చి అఖాతంలో పడతాయి. వరదల్లో ఎర్రనీళ్లు, వేసవిలో ఉప్పునీళ్లు, రోజూ పోటూ పాటూ. ఇన్ని నీళ్లు కలుస్తాయి కాబట్టే అక్కడ పండుగప్ప ఉంది, మండ పీత ఉంది, రొయ్యపిల్ల ఉంది, సున్నానికి పనికొచ్చే గుల్లలున్నాయి.

ఆ తిప్ప అనాదిగా ఉన్నది కాదు. దాదాపు గత 200 ఏళ్లలో పెరిగినది. గోదావరి వరదల్లో తెచ్చిన ఇసుకను నైరుతి గాలులకు లేచే కెరటాలు ఒడ్డు వెంట ఉత్తరానికి నెడతాయి. ఈశాన్య గాలుల కాలంలో కొంత వెనక్కి వస్తుంది కానీ ఏడాది మొత్తం మీద నికరంగా పోయేది ఉత్తరానికే. గౌతమి మొగ దగ్గర ఒడ్డు పడమరకు మలుపు తిరిగింది. ఇసుక మాత్రం ఒడ్డుతో పాటు తిరగకుండా నేరుగా ముందుకే పోయి మేట వేసింది. ఏడాదికేడాది ఆ మేట పొడవై తిప్ప అయింది. నది కట్టిన గోడ అది. ఏ ప్రభుత్వమూ దానికి టెండరు పిలవలేదు.

ఇప్పుడు చరిత్ర. దీన్ని కాస్త ఎక్కువగా రాస్తున్నాను, ఎందుకంటే మీ సమావేశాల్లో దీని ఊసు వినపడదు.

కోరంగి నేడు తాళ్లరేవు మండలంలో ఒక ఊరు. బస్సులో వెళ్తుంటే ఆగకుండానే దాటిపోతాం. పద్దెనిమిదో శతాబ్దంలో ఇది ఈ తీరంలోకెల్లా పెద్ద రేవుల్లో ఒకటి. చుట్టుపక్కల ఇంజరంలో ఇంగ్లిషువాళ్లు, యానాంలో ఫ్రెంచివాళ్లు, జగన్నాథపురంలో డచ్చివాళ్లు దుకాణం పెట్టుకున్నారంటే ఈ నీళ్ల విలువ ఎంతో ఊహించుకోవచ్చు. వాళ్లకు కావలసింది గోదావరి పల్లెల్లో నేసిన బట్ట. ఓడలు కట్టడానికి, మరమ్మతులు చేయడానికి కోరంగికి మించిన చోటు దగ్గర్లో లేదు. 1802లో అక్కడ ఓడల మరమ్మతుకు డాక్ కూడా కట్టారు. ఇక్కడి నుంచి జనం రంగూన్ వెళ్లారు, ఎంతమంది వెళ్లారంటే బర్మాలో తెలుగువాళ్లందరినీ కోరంగీలనే పిలిచారు. మన వడ్రంగుల చేతిలో ఆ విద్య ఇంకా కొంత మిగిలి ఉంది. తాళ్లరేవు వైపు ఏటి గట్టున ఇప్పటికీ చెక్క పడవల పని కనిపిస్తుంది.

ఆ రేవు మీద రెండుసార్లు సముద్రం పడింది. 1789 డిసెంబరులో తుపాను వచ్చి మూడు అలలు ఒకదాని వెనక ఒకటి లేచాయి. మొదటిది రేవులో ఉన్న ఓడలను తీసుకెళ్లి ఊరి పొలాల్లో పడేసింది. తర్వాతివి ఊరిని ముంచాయి. చనిపోయినవారు 20,000 మంది దాకా అని ఆనాటి రాతలు చెబుతాయి. మిగిలినవాళ్లు మళ్లీ నిలదొక్కుకున్నారు, మళ్లీ ఓడలు కట్టారు. 1839 నవంబరు 25న రెండో దెబ్బ. ప్రపంచంలో అతి ఘోరమైన తుపానుల జాబితా ఎక్కడ చూసినా అందులో కోరంగి 1839 ఉంటుంది. 3 లక్షల మంది పోయారన్న అంకె దాని పక్కన కనిపిస్తుంది. అంత జనం నిజంగా పోయారా అన్న చర్చ ఉంది, ఉండనివ్వండి. ఇరవై వేలైనా, మూడు లక్షలైనా, ప్రపంచం పేరు పెట్టి గుర్తుంచుకున్న ఒక ఊరు మన జిల్లాలో ఉంది, ఆ ఊళ్లో ఆ చనిపోయినవారి పేరున ఒక్క రాయి లేదు. ఇది నాకు చాలా బాధ కలిగించే విషయం.

కోరంగి కథ తుపానుతోనే ముగిసిందని చాలామంది అనుకుంటారు. నిజానికి తుపాను తర్వాత కూడా అది బతికేది. దాన్ని చంపింది మేట. ఏటి నోరు పూడుకుపోతూ వచ్చింది, పెద్ద ఓడలు లోపలికి రాలేకపోయాయి, వ్యాపారం ఉత్తరాన కాకినాడకు జరిగింది. 1847లో మొదలై 1852లో పూర్తయిన ధవళేశ్వరం ఆనకట్ట వల్ల కాలువలొచ్చాయి, డెల్టా ధాన్యం పడవల మీద కాకినాడ చేరింది. 1860లలో అమెరికాలో అంతర్యుద్ధం వల్ల పత్తి కరువైనప్పుడు కాకినాడ నుంచి పత్తి ఓడలెక్కింది. ఊరు పెరిగింది. అదే కాలంలో తిప్ప కూడా పెరుగుతూ వచ్చింది. 1789లో కోరంగికి లేని అడ్డుగోడ తర్వాత కాకినాడకు దొరికింది. కోరంగి నోరు పూడ్చింది, కాకినాడకు కాపలా కాసింది ఒకే నది తెచ్చిన ఒకే ఒండ్రు, ఇసుక.

ఈ ఉత్తరంలో మీరు ఒక్క వాక్యమే గుర్తుంచుకోదలిస్తే పైన చెప్పిన ఆ చివరి వాక్యాన్ని గుర్తుంచుకోండి. కాకినాడ రేవును మనం కట్టుకున్నాం అనుకుంటున్నాం. యాంకరేజ్ పోర్టులో ఓడలు అఖాతంలో లంగరు వేసుకుని బార్జీల మీద సరుకు ఎత్తుకోగలుగుతున్నాయంటే, 1997 నుంచి డీప్ వాటర్ పోర్టు నడుస్తోందంటే, ఆ తిప్ప అవతల కెరటాలను ఆపుతోంది కాబట్టే. ఆస్తుల జాబితాలో క్రేన్లున్నాయి, గోదాములున్నాయి. తిప్ప విలువ ఎక్కడా రాసి లేదు.

మరి ఆ తిప్పకు ఇసుక ఇకముందు ఎక్కడి నుంచి వస్తుంది? గోదావరి మీద, దాని ఉపనదుల మీద ఎన్ని డ్యాములు, బ్యారేజీలు ఉన్నాయో మీకు నాకన్నా బాగా తెలుసు. నీటితో పాటు ఒండ్రు కూడా వాటి వెనకే ఆగిపోతోంది. సముద్రానికి చేరే ఒండ్రు గత కొన్ని దశాబ్దాల్లో బాగా తగ్గింది, డెల్టా అంచు చాలాచోట్ల వెనక్కి జరుగుతోంది. డ్యాములు తీసేయమని ఎవరూ అడగరు, నేనూ అడగను. ఆ నీళ్లతో పండిన అన్నమే మనం తింటున్నాం. కానీ రాబడి తగ్గిన ఇంట్లో ఖర్చు రాసుకోవాలి. ఇక్కడ ఇసుక రాబడి తగ్గింది, ఖర్చు మాత్రం ఎవరూ రాయడం లేదు.

ఆ ఖర్చు కనిపించే చోటు ఉప్పాడ. జాందానీ చీరలకు పేరున్న ఆ ఊరు అఖాతం నోటికి ఉత్తరాన సముద్రం ఒడ్డున ఉంది. ఉత్తరానికి పోవలసిన ఇసుకలో కొంత తిప్పలో చిక్కుకుంటుంది, కొంత ఓడల దారిలో పడుతుంది, పడినదాన్ని తవ్వేస్తాం. ఆ పైన ఉన్న ఒడ్డుకు చేరేది తక్కువ, కెరటం పట్టుకుపోయేది ఎక్కువ. తుపాను వచ్చిన ప్రతిసారీ కాకినాడ-ఉప్పాడ బీచ్ రోడ్డు తెగడం, రాళ్లు తెచ్చి పోయడం, ఇసుక నింపిన పెద్ద గొట్టపు సంచులు వేయడం, అవి చినగడం చూస్తూనే ఉన్నాం. రాళ్లు వేసినచోట కోత ఆగితే దాని పక్క ఊరి దగ్గర మొదలవుతుంది. ఇళ్లు పోయినవాళ్లు ఒక వరస వెనక్కి జరుగుతారు, కొన్నేళ్లకు ఆ వరసా పోతుంది. దీన్ని "ప్రకృతి వైపరీత్యం" అని ఫైలు మూసేయకండి. ఇందులో ప్రకృతి వాటా ఎంత, మన పనుల వాటా ఎంత అని తేల్చే కొలతలు కావాలి.

కొలతలు బొత్తిగా లేవనడం లేదు. ఆంధ్ర విశ్వవిద్యాలయం పరిశోధకులు ఈ డెల్టా మీద ఎన్నో ఏళ్లుగా పనిచేశారు. చెన్నైలోని జాతీయ తీర పరిశోధన కేంద్రం దేశం మొత్తం తీరరేఖ మార్పులను లెక్కగడుతోంది. 1970ల నుంచి ఉపగ్రహ చిత్రాలున్నాయి, అంతకు ముందువి సర్వే పటాలు, నావికుల పటాలు ఉన్నాయి. వాటిలో ఏదీ తెలుగులో, ఒక్కచోట, ఉప్పాడ మత్స్యకారుడు తన ఫోనులో చూసుకునేలా లేదు. పని మొదలయ్యాక పబ్లిక్ హియరింగ్‌లో ఇంగ్లిషు నివేదికలో నాలుగు పేజీలు చదివి వినిపిస్తే అది సమాచారం ఇవ్వడం కాదు.

మడ అడవి గురించి కూడా చెప్పాలి. 1978లో 235.7 చదరపు కిలోమీటర్లను కోరంగి అభయారణ్యంగా ప్రకటించారు. ఇది మంచి పని, ఆ పని చేసినవారికి ఈ తీరం రుణపడి ఉంది. చొల్లంగి దగ్గర చెక్క వంతెన మీద నడిచే పర్యాటకులకు మడ, తిల్ల, పొన్న చెట్లు కనిపిస్తాయి, అదృష్టం ఉంటే నీటికుక్కలు కనిపిస్తాయి. బావురుపిల్లి ఉందని బోర్డు చెబుతుంది. అది రాత్రి తిరిగే జంతువు, కనపడదు. ఆ చెట్ల వేళ్ల మధ్య మేట నిలిచి నేల గట్టిపడుతుందని, ఉప్పెన వస్తే జోరు ముందు అక్కడే తగ్గుతుందని మాత్రం పర్యాటకులకు గట్టిగా చెప్పాలి. 1996 నవంబరు 6 రాత్రి కాకినాడకు దక్షిణాన తీరం దాటిన తుపాను వెయ్యి మందికి పైగా ప్రాణాలు తీసింది. భైరవపాలెం, బలుసుతిప్ప మత్స్యకారులు ఎంతమందో సముద్రంలోనే ఉండిపోయారు. ఆ ఊళ్లలో మడ చెట్ల విలువ గురించి ఎవరూ ఉపన్యాసం ఇవ్వక్కర్లేదు.

అయినా 2020లో కాకినాడ దుమ్ములపేట వైపు మడ ఉన్న నేలను చదును చేసి పేదలకు ఇళ్ల స్థలాలు ఇవ్వబోతే వివాదం జాతీయ హరిత ట్రిబ్యునల్ దాకా వెళ్లింది. ఇళ్లు లేనివారికి ఇళ్లు ఇవ్వాలి, అందులో రెండో మాట లేదు. కానీ ఉప్పెన ముందుగా వచ్చే చోట, దాన్ని ఆపే చెట్లు కొట్టి, అందరికంటే బలహీనులను అక్కడ కూర్చోబెట్టడం న్యాయమా? 1789 సంగతి ఆ ఫైలులో ఒక్క పేరాగా ఉండి ఉంటే సంతకం పెట్టే చెయ్యి ఆగేదని నా నమ్మకం. చరిత్ర మీ ఫైళ్లలో ఉండాలని అడుగుతున్నది ఇందుకే. చెట్లు పోయినచోట తిరిగి పెంచడం కూడా సాధ్యమే. గోదావరి మడల్లో చేపముల్లు ఆకారంలో కాలువలు తవ్వి, పోటు నీరు లోపలికి వెళ్లేలా చేసి, ఊరివాళ్ల చేతే మొక్కలు నాటించిన పని జరిగింది. దాన్ని మళ్లీ చేయడానికి కొత్తగా కనిపెట్టాల్సింది ఏమీ లేదు.

ఈ తీరం గురించి మన పెద్దలకు ఎంత తెలుసో ఒక్క మాట చెప్పి నా అభ్యర్థనలకు వస్తాను. పుష్య అమావాస్యను మనవాళ్లు చొల్లంగి అమావాస్య అంటారు. ఆ రోజు చొల్లంగిలో తుల్యభాగ సముద్రంలో కలిసేచోట స్నానం చేసి సప్తసాగర యాత్ర మొదలుపెడతారు. కోరంగిలో ఆత్రేయ, ఆ తర్వాత గౌతమి, ఇలా పాయ పాయకూ మునుగుతూ అంతర్వేదిలో వశిష్ఠ దగ్గర ముగిస్తారు. ఏడు పాయలు, ఏడు సంగమాలు. చదువు లేని ముసలమ్మ కూడా చొల్లంగి నుంచి అంతర్వేది దాకా తీరాన్ని ఒకే వరసగా తలచుకుంది. మన పాలన ఆ వరసను తెంపింది.

నేను అడుగుతున్నది పెద్ద బడ్జెట్టు పని కాదు. ఏటా వరదలకు ముందు ఒకసారి, వరదలు తగ్గాక ఒకసారి అఖాతం లోతు, తిప్ప ఆకారం, భైరవపాలెం మొగ నుంచి ఉప్పాడ అవతల దాకా ఒడ్డు ఎక్కడుందో కొలవండి. ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు వేట నిషేధం, మర పడవలు కట్టేసి ఉంటాయి. మొదటి సర్వేకు ఆ పడవలనే, ఆ మనుషులనే కూలి ఇచ్చి పెట్టుకోండి. ఎక్కడ ఇసుక కొత్తగా లేచిందో, ఎక్కడ పడవ అడుగు తగులుతోందో వాళ్లకు తెలిసినట్టు ఏ యంత్రానికీ తెలియదు, యంత్రం చెప్పే అంకె వాళ్ల దగ్గర ఉండదు. రెండూ కలవాలి. ఫలితాలను తెలుగులో, పటాలతో, గ్రామ సచివాలయాల గోడల మీదా ఇంటర్నెట్‌లోనూ పెట్టండి.

ఓడల దారిలో తవ్వి తీసిన ఇసుక ఏడాదికి ఎంత, దాన్ని ఎక్కడ పోశారు అన్నది అందులోనే చెప్పండి. విశాఖపట్నంలో పోర్టు దగ్గర చిక్కిన ఇసుకను తీసి ఆర్కే బీచ్‌కు పంపడం ఎన్నో ఏళ్లుగా ఉన్న పద్ధతి. కాకినాడలో తీసిన దానిలో పనికొచ్చే ఇసుక ఉంటే, బురద కాకపోతే, ఉప్పాడ ఒడ్డుకు చేర్చడం సాధ్యమేనా అని పరీక్ష చేయించండి. కాదని తేలితే ఆ కారణమూ చెప్పండి. రాళ్ల మీద ఖర్చు పెట్టేముందు ఈ ప్రశ్నకు జవాబు ఉండాలి.

హోప్ ఐలాండ్ మీద రిసార్టులు, సిమెంటు కట్టడాలు వద్దు. పర్యాటకులు పడవ మీద వెళ్లి పగలు చూసి రావడంలో తప్పు లేదు. తిప్ప కదులుతూనే ఉండాలి, కదలికే దాని ఆయుష్షు. దాని మీద పునాది వేస్తే రేపు ఆ పునాదిని కాపాడటానికి గోడ, గోడను కాపాడటానికి రాళ్లు, ఇసుక కదలిక అక్కడితో చెడుతుంది. ఆలివ్ రిడ్లే తాబేళ్లు గుడ్లు పెట్టేదీ ఆ ఇసుకలోనే, రాత్రి దీపాలు వెలిగితే పిల్లలు సముద్రం వైపు కాక దీపాల వైపు పోతాయి. తిప్ప మీద బతుకుతున్న మత్స్యకార కుటుంబాలను మాత్రం ఖాళీ చేయించే ఆలోచన చేయకండి. తాగునీరు, తుపాను హెచ్చరిక, అత్యవసరానికి పడవ వాళ్ల హక్కు. దక్షిణాన గాడిమొగ దగ్గర సముద్రపు గ్యాసు ఒడ్డుకు చేరుతున్నప్పుడు, తిప్ప మీది పాకకు మంచినీళ్లు చేరడం కష్టమని ఎవరైనా అంటే నేను నమ్మను.

కోరంగిలో ఒక స్మారకం కావాలి. పెద్ద విగ్రహం అక్కర్లేదు. 1789లో, 1839లో ఏం జరిగిందో, ఈ రేవు ఎలా వెలిగి ఎలా పూడిందో తెలుగులో చెక్కిన రాయి, పక్కన నీళ్లు ఇప్పుడు వస్తే ఎటు పరిగెత్తాలో చూపే పటం. దానికి తోడు పాత పటాలు, ఓడల బొమ్మలు, తాళ్లరేవు వడ్రంగుల పనిముట్లు పెట్టే చిన్న గది. ఎనిమిదో తరగతి పిల్లలను మీ అటవీ శాఖ బోర్డువాక్‌కు తీసుకెళ్లినప్పుడు అక్కడా ఒక గంట ఆపండి. ప్రపంచ పటంలో బంగాళాఖాతాన్ని గుర్తించగల పిల్లలకు తమ ఊరి అఖాతం ఎప్పుడు, ఎలా పుట్టిందో తెలిసే అవకాశం అది.

చివరగా, ఈ శాఖలన్నీ ఒక బల్ల చుట్టూ కూర్చోవాలి. కాకినాడ, కోనసీమ జిల్లాల వారు, యానాం పాలనాధికారి, పోర్టులవారు, అటవీ, మత్స్య శాఖలవారు, ఉప్పాడ నుంచి భైరవపాలెం వరకు ఊరికొకరుగా మత్స్యకారులు, వాళ్లలో ఆడవాళ్లు కూడా. చేపలు అమ్మేదీ, గుల్లలు ఏరేదీ, ఒడ్డు కోసుకుపోతే ముందుగా సామాను సర్దేదీ వాళ్లే. మొదటి సమావేశం కలెక్టరేట్‌లో కాకుండా తాళ్లరేవులో పెట్టండి, వేట నిషేధం రోజుల్లో పెట్టండి, అప్పుడు మత్స్యకారులకు ఒక రోజు వేట పోదు. ఎజెండాలో మొదటి అంశంగా తవ్విన ఇసుక లెక్క ఉండాలని, దాన్ని సమావేశానికి ముందే ప్రజలకు చూపాలని కోరుతున్నాను.

ఇట్లు,
కాకినాడ తీరవాసి